అద్దం మీద గుట్ట: ఒక ప్రయోగ చిత్రం తయారైన తీరు

హన్మకొండ నుంచి కరీంనగర్ పోయే తొవ్వలో, పెద్ద రోడ్డు వదిలి కొంత లోపలికి వెళితే వచ్చే ఒక ఊరికి ఉత్తరాన ఒకప్పుడు గుట్ట ఉండేది. గ్రానైట్ క్వారీ దాన్ని ఏళ్ల తరబడి కోసుకుంటూ పోగా, ఇప్పుడు ఆ చోట నిటారు గోడల గుంత, గుంతలో ఆకుపచ్చ నీళ్లు, చుట్టూ ఎవరికీ అక్కరకు రాని బండముక్కల కుప్పలు మిగిలాయి. ఊరివాళ్లు కోరినందున ఊరి పేరు ఇక్కడ రాయడం లేదు. ఆ లేని గుట్ట గురించి నేను తీసిన చిత్రం నిడివి 43 నిమిషాలు. అందులో వ్యాఖ్యానం లేదు, కథ లేదు, గుట్ట ఫోటో ఒక్కటి కూడా లేదు. యాదిని, నేలను కలిపి పనిచేయాలనుకునే తోటి చిత్రకారులకు ఉపయోగపడవచ్చునని, చిత్రం ఎలా రూపం తీసుకున్నదో, ముఖ్యంగా ఎక్కడెక్కడ దారి తప్పిందో వివరంగా రాస్తున్నాను.

మొదటి ఐదు రోజులూ వృథా అయ్యాయి. గుంత చుట్టూ తిరిగి, తెల్లవారుజాము మంచులోనూ సాయంత్రపు ఏటవాలు ఎండలోనూ డ్రోన్ ఎగరేసి, డైమండ్ వైర్ (రాయిని కోసే వజ్రపు పూసల తీగ) కోసిన నున్నటి గోడలను దగ్గరగా తీసుకున్నాను. దృశ్యాలు చాలా అందంగా వచ్చాయి. చిక్కంతా ఆ అందంలోనే ఉందని అప్పుడు నాకు అర్థం కాలేదు. ఐదో రోజు రాత్రి, మాకు అన్నం పెట్టిన ఇంటి అబ్బాయి లాప్‌టాప్‌లో ఆ దృశ్యాలన్నీ ఓపికగా చూసి, "అన్నా, గిది గుంత. గుట్టేది?" అని అడిగాడు. కరీంనగర్ జిల్లాలో క్వారీ గుంతలు చాలా ఉన్నాయి, అన్నీ చూడటానికి ఒక్కలాగే ఉంటాయి. నేను తీసింది వాటిలో ఏదైనా కావచ్చు.

పాత ఫోటోల కోసం ఇల్లిల్లూ తిరిగాం. పెళ్లి ఆల్బమ్‌లు, బతుకమ్మ ఫోటోలు, బడిలో పిల్లల గ్రూప్ ఫోటోలు దొరికాయి కానీ, గుట్ట దొరకలేదు. ఇంటి గడప నుంచి రోజూ కనిపించే దాన్ని ఎవరూ ఫోటో తీసుకోరు గదా. ఒకే ఒక్క పెళ్లి ఫోటోలో, శామియానా అంచుకూ వరుడి తలపాగాకూ మధ్య, నీలం రంగులో బెత్తెడు వాలు కనిపించింది. అది గుట్టేనా, ఫోటో ఎక్కడైనా చెమ్మ తగిలి మరక పడిందా అని ఇంట్లోవాళ్లు తమలో తామే వాదించుకున్నారు.

ఇక్కడొక చిన్న పక్కమాట చెప్పాలి. ఇదే జిల్లాలో గంగాధర మండలం కురిక్యాల దగ్గర బొమ్మలమ్మ గుట్ట ఉన్నది. కన్నడ ఆదికవి పంపని తమ్ముడు జినవల్లభుడు పదో శతాబ్దంలో అక్కడ చెక్కించిన శాసనంలో సంస్కృత, కన్నడ పద్యాలతో పాటు తెలుగు కంద పద్యాలు కూడా ఉన్నాయి. ఆ అక్షరాలున్నందువల్లనే, చుట్టూ క్వారీలు లేచిన రోజుల్లో ఆ గుట్ట కోసం మాట్లాడటానికి చరిత్రకారులు ముందుకు వచ్చారు. మా ఊరి గుట్ట మీద ఎవరూ ఏమీ రాయలేదు. దాని తరఫున చూపించడానికి గొర్రెలు కాసినవాళ్లు, సీతాఫలాలు తెంపినవాళ్లు, వానాకాలం దాని మీది దోనెల్లో, అంటే బండల నడుమ నీళ్లు నిలిచే గుంతల్లో, ఈత కొట్టినవాళ్లు తప్ప మరే ఆధారమూ లేదు. ఓరుగల్లు అన్న పేరుకే ఒంటి రాయి అని అర్థం చెప్పుకునే ప్రాంతంలో పుట్టి పెరిగిన నాకు, రాయి ఎక్కడికీ పోదు అన్న నమ్మకం ఎంత లోతుగా ఉన్నదో ఆ ఊళ్లోనే తెలిసింది.

చేతి అంచు

దారి చూపింది ఒక పెద్దమనిషి చెయ్యి. గుట్ట ఎలా ఉండేదని అడిగితే ఆయన అరుగు మీద కూర్చున్నవాడు కూర్చున్నట్టే కుడిచేతిని ముందుకు చాచి, అరచేతి అంచుతో గాలిలో ఒక గీత గీశాడు. "గీడికెళ్లి మొదలై, గిట్ల లేసి, గీడ జర ఒంగి, మళ్ల లేస్తుండె," అన్నాడు. గీస్తున్నంత సేపూ ఆయన ఎడమ కన్ను మూసుకుని ఉన్నాడు. అంటే ఆయన గుట్టను వర్ణించడం లేదు, కొలత పెట్టి మరీ దాని చోట దాన్ని నిలబెడుతున్నాడు. ఆయన చేతికీ ఆకాశానికీ మధ్య ఒక అద్దం ఉంటే ఆ గీత నిలిచేది కదా అన్న ఆలోచన అప్పుడే కలిగింది.

సినిమాకు ఇది కొత్త పద్ధతి ఏమీ కాదు. 1907లో నార్మన్ డాన్ అనే అమెరికా ఛాయాగ్రాహకుడు కాలిఫోర్నియాలో పాడుబడిన పాత క్రైస్తవ మఠాలను చిత్రీకరిస్తూ, కూలిపోయిన కప్పులను, గోడలను కెమెరా ముందు నిలిపిన అద్దం మీద రంగులతో వేసి పూర్తి చేశాడు. ఆ తర్వాత స్టూడియోలు దశాబ్దాల పాటు ఈ పద్ధతితో లేని కోటలను, లేని కొండలను చూపించాయి. అక్కడ అద్దం మీద గీసేవాడు చిత్రకారుడు, చూసేవాడికి గీత గీతగా కనిపించకూడదన్నది నియమం. నా చిత్రంలో గీసేవాళ్లు ఊరివాళ్లు. గీత గీతగానే కనిపించాలి, అది వణికితే ఆ వణుకు కూడా కనిపించాలి.

కొలతలు

హన్మకొండలో ఫోటోలకు ఫ్రేములు కట్టే దుకాణంలో 3 అడుగుల వెడల్పు, 2 అడుగుల ఎత్తు ఉన్న 5 మిల్లీమీటర్ల అద్దాలు కోయించుకున్నాం. ఆ కొలతకు కారణం ఉన్నది. కూర్చున్న మనిషి కంటి నుంచి చాచిన చేతివేళ్ల దాకా సుమారు 60 సెంటీమీటర్ల దూరం ఉంటుంది. ఫుల్‌ఫ్రేమ్ కెమెరాకు (36 మిల్లీమీటర్ల వెడల్పు సెన్సర్ ఉన్నది) 24 మిల్లీమీటర్ల లెన్స్ పెడితే, ఆ దూరంలో అది చూసే వెడల్పు సరిగ్గా 90 సెంటీమీటర్లు. కాబట్టి అద్దం అంచులు ఫ్రేము అంచులను దాదాపు తాకుతూ, ఒక వేలి మందం మాత్రం బయటికి ఉంటాయి. ఇంత దగ్గరలో ఉన్న గీత, కిలోమీటరు దూరంలో ఉన్న నేల రెండూ స్పష్టంగా కనిపించాలంటే ఎపర్చర్‌ను, అంటే లెన్స్‌లో వెలుతురు వచ్చే రంధ్రాన్ని, ఎఫ్/16కు మూసి, ఫోకస్‌ను 1.2 మీటర్ల దగ్గర నిలపాలి. అప్పుడు సుమారు 60 సెంటీమీటర్ల నుంచి అనంతం దాకా అంతా ఫోకస్‌లో ఉంటుంది. అంత చిన్న రంధ్రం వల్ల చిత్రం కొద్దిగా మెత్తబడుతుందని తెలుసు, అయినా ఒప్పుకున్నాను. ఎండలో ఆ ఎపర్చర్‌కు, సెకనులో 50వ వంతు షట్టర్‌కు వెలుతురు ఇంకా ఒక స్టాప్, అంటే రెట్టింపు, ఎక్కువే అవుతుంది. లెన్స్ ముందు పోలరైజర్ (మెరుపును అడ్డుకునే ఫిల్టర్) పెడితే ఆ ఎక్కువను అది తినేసి, అద్దం మీది మెరుపును కూడా కొంత తగ్గించింది.

ప్రతిబింబం మాత్రం అంత తేలికగా లొంగలేదు. గుట్ట ఊరికి ఉత్తరాన ఉండేది. మేము పనిచేసింది డిసెంబరు, జనవరి నెలల్లో. సూర్యుడు దక్షిణాన, కెమెరా వెనక ఉంటాడు. గీత మీద వెలుతురు పడటానికి అది మంచిదే కానీ, అదే ఎండలో కెమెరా, దాని వెనక సున్నం కొట్టిన గోడ, గోడకు ఆనుకుని చోద్యం చూసే పిల్లలు అందరూ అద్దంలో తేలేవారు. హైదరాబాద్ నుంచి తెప్పించిన నల్లగుడ్డ గాలికి ఎగిరి, ఎండకు మెరిసింది. చివరికి గొర్ల కాపరి తన గొంగడి ఇచ్చాడు. నల్ల ఉన్ని గొంగడి వెలుతురును పూర్తిగా మింగేస్తుంది, బరువు మీద ఉంటుంది కనుక గాలికి కదలదు. దాన్ని రెండు కట్టెలకు కట్టి కెమెరా వెనక వేలాడదీసి, లెన్స్ పట్టేంత సందు వదిలిన తర్వాత అద్దం అసలు ఉన్నట్టే తెలియలేదు.

గీయడానికి మార్కర్ పెన్నులు వాడి చూశాం. గీత మరీ పలుచగా, ఆఫీసు బోర్డు మీది గీతలాగా వచ్చింది. చాక్‌పీసు అద్దానికి పట్టలేదు. ఇంటి గోడలకు వేసే సున్నాన్నే చిక్కగా కలిపి, కొస నలిపిన వేపపుల్లతో గీయమంటే అందరి చేతులూ ఒక్కసారిగా స్థిమితపడ్డాయి. తడి సున్నం మొదట దాదాపు కనిపించదు; ఆరే కొద్దీ తెల్లబడుతుంది. గీసిన మనిషి చెయ్యి దించిన తర్వాత, నిమిషం రెండు నిమిషాలకు గుట్ట మెల్లగా పైకి తేలుతుంది. ఇది నేను ముందుగా అనుకున్నది కాదు, ఆ సున్నం గుణం. చిత్రంలో ఒక్కో దృశ్యం నిడివి ఎంత ఉండాలన్నది ఆ ఆరుదలే నిర్ణయించింది.

పక్కకు జరిగిన గుట్ట

మొదటి ముగ్గురి చిత్రీకరణ పూర్తిగా చెడిపోయింది, తప్పు నాదే. గీసేవాళ్ల తలకు పక్కన, జానెడు కన్నా తక్కువ దూరంలో లెన్స్ పెట్టాను, ఆ కాస్త తేడా పెద్ద లెక్కలోకి రాదనుకున్నాను. కానీ అద్దం 60 సెంటీమీటర్ల దూరంలో ఉన్నప్పుడు లెన్స్ 15 సెంటీమీటర్లు పక్కకు ఉంటే, కిలోమీటరు అవతల ఉన్న వస్తువు 250 మీటర్లు పక్కకు జరుగుతుంది. వాళ్లు గుంత మీద సరిగ్గా నిలబెట్టిన గుట్ట నా దృశ్యంలో చెరువు మీద నిలబడింది. మనిషి రెండు కళ్ల మధ్య దూరమే సుమారు 6 సెంటీమీటర్లు. ఏ కన్ను మూయాలో మార్చితే కూడా గుట్ట 100 మీటర్లు నడుస్తుంది. ఆ పెద్దమనిషి మొదటి రోజే ఒక కన్ను ఎందుకు మూసుకున్నాడో నాకు ఇంత ఆలస్యంగా బోధపడింది.

మానిటర్ చూస్తూ గీయమనడం ఇంకా అన్యాయమైంది. తెర ఇవ్వగానే వాళ్లు గుట్టను మరిచిపోయి బొమ్మ వేయడం మొదలుపెట్టారు, ఒకరైతే మధ్యలో సూర్యుణ్ని కూడా పెట్టారు. చివరికి కుదిరిన పద్ధతి ఇది: ముందు మనిషి ఒంటికంటితో చూస్తూ పలుచటి సున్నంతో గీత గీస్తారు, తర్వాత వాళ్లు లేచి, ఆ కన్ను ఉన్న చోటనే లెన్స్ నిలుపుతాం, అప్పుడు వాళ్లు పక్కన నిలబడి, ఆ పలుచటి గీత మీదనే చిక్కటి సున్నంతో మళ్లీ గీస్తారు. కెమెరా చూసేది ఆ రెండో గీతనే.

ఈ రెండో గీతలోనే చిత్రం దొరికింది. తన గీత మీద తానే పోతున్నా ఎవరి చెయ్యీ ఉన్నదున్నట్టు పోలేదు. ఒకరు వాలును ఇంకాస్త నిలువు చేశారు, ఒకరు శిఖరాన్ని అటు జరిపి, "గిది సక్కగున్నది" అన్నారు. పలుచటి మొదటి గీత కింద మిగిలిపోవడంతో, గుర్తు తెచ్చుకున్నదీ దాన్ని దిద్దుకున్నదీ రెండూ ఒకే అద్దం మీద నిలిచాయి. యాది అంటే దాచిపెట్టిన వస్తువు అన్నట్టుగానే నేను ఆ పని మొదలుపెట్టాను. అది ప్రతిసారీ కొత్తగా చేయాల్సిన పని అని నాకు చూపించింది ఆ వేపపుల్లలే.

మొత్తం 11 మందితో గీయించాం. అందరి గురించీ రాయను.

గొర్ల కాపరి గుట్ట రూపురేఖ చాలా తొందరగా గీసి, దాని లోపల మూడు చిన్న చుక్కలు పెట్టాడు, అవి దోనెలు. ఎండాకాలంలో మూడోదానిలో మాత్రమే నీళ్లు ఉండేవట. ఊళ్లోని మరెవరూ వాటి చోటు చెప్పలేకపోయారు. క్వారీలో పనిచేసిన రాళ్లు కొట్టే మనిషి అందరిలాగా ఒంపులు తిరిగే గీత గీయలేదు, మెట్లు గీశాడు. తాను ఈ ఊరికి బతకవచ్చేసరికే క్వారీ బెంచీలు (రాయిని కోస్తూ దిగే మెట్లు) పడ్డాయని, గుండ్రటి గుట్టను తానెన్నడూ చూడలేదని చెప్పి, చూసిందే గీశానన్నాడు. తాను చూసింది గుట్ట కాదని ఊరివాళ్లు అంటుంటే ఆయన వాదించలేదు గానీ, గీత మాత్రం చెరపనివ్వలేదు. ఎడిటింగ్‌లో ఆయన దృశ్యాన్ని ఎక్కడ పెట్టాలన్నది నన్ను చాలా రోజులు వేధించింది. చివర్లో పెడితే తీర్పులాగా, మొదట్లో పెడితే నేరారోపణలాగా ఉంటుంది. నాలుగోదిగా, ఏ ప్రాధాన్యమూ లేకుండా పెట్టాను.

గుట్ట పోయిన తర్వాత పుట్టిన 12 ఏళ్ల పాప కూడా గీస్తానన్నది. చూడని దాన్ని ఎలా గీస్తావని అడిగితే, "మా నాయినమ్మ చెప్పంగ ఇన్న," అన్నది. ఆమె గీత వాళ్ల నాయినమ్మ గీతకు దగ్గరగా కూడా లేదు, అయినా అందరిలోకీ అదే నిబ్బరమైన గీత.

ఇక ఆ నాయినమ్మ. పడమటి వైపు నుంచి మొదలుపెట్టి, మొదటి శిఖరం దాటి, దిగుతూ దిగుతూ ఒక చోట చెయ్యి ఆపింది. పుల్ల కొసన సున్నం చుక్క జారి అద్దం మీద నిలువునా కారింది. ఏమైందవ్వా అని అడిగాను. "గీడ యాదికొస్తలేదు బిడ్డా. ఉట్టిగ గీసుడెందుకు?" అన్నది. బెత్తెడు ఖాళీ వదిలి, అవతలి నుంచి మళ్లీ అందుకుని తూర్పు దాకా గీసింది. మిగతా పదిమందిలో ఎవరూ ఇలా ఖాళీ వదలలేదు. యాదికి రాని చోట మాకు తెలియకుండానే కలుపుకుంటూ పోయాం, నేను కూడా అంతే. ఆ దృశ్యం చిత్రంలో 7 నిమిషాలు, కోత లేకుండా ఉన్నది.

సరైన గీత

చిత్రీకరణ సగంలో ఉండగా, నేల కొలతల పని చేసే మిత్రుడు ఒకరు నాకు గుట్ట అసలు రూపం తెచ్చి ఇచ్చారు. 2000 ఫిబ్రవరిలో ఎండీవర్ అనే అమెరికా వ్యోమనౌక 11 రోజుల పాటు రాడార్‌తో భూమి మీది ఎత్తుపల్లాలను కొలిచింది. ఆ కొలతలు 30 మీటర్లకు ఒక బిందువు చొప్పున ఇప్పుడు ఎవరికైనా ఉచితంగా దొరుకుతాయి. ఈ ఊళ్లో కోత మొదలైంది ఆ తర్వాతే. అంటే ఊళ్లో ఒక్క ఫోటో కూడా లేని గుట్ట, పైనుంచి పోయిన నౌక లెక్కలో భద్రంగా ఉన్నది. చుట్టుపక్కల నేల మీద దాని ఎత్తు సుమారు 60 మీటర్లు. సర్వే ఆఫ్ ఇండియా 1:50,000 పటంలో 20 మీటర్ల ఎత్తుకు ఒక గీత చొప్పున మూడు వలయాలుగా కనిపించేది కూడా ఇదే ఎత్తు.

ఊరి నడుమ నుంచి గుట్ట కిలోమీటరు దూరం. ఆ లెక్కన మా అద్దం మీద అది 3.6 సెంటీమీటర్లు ఉండాలి. ఊరివాళ్లు గీసినవి 8 నుంచి 11 సెంటీమీటర్లు ఉన్నాయి. వాలును ఉన్నదానికన్నా నిటారుగా భావించడం మనుషులందరికీ సహజమే, కొండల బొమ్మలు వేసే చిత్రకారులూ అదే పని చేస్తారు. కానీ రెట్టింపునకు మించిన ఈ తేడాకు, రోజూ గొర్రెల వెంట, కట్టెల మోపుతో దాన్ని ఎక్కి దిగిన మోకాళ్లు కూడా కారణమని నా అభిప్రాయం. పాప గీసింది 14 సెంటీమీటర్లు.

సరైన గీతను ఎర్ర రంగులో ప్రతి దృశ్యం మీదా రెండు క్షణాలు వచ్చి పోయేలా మొదటి ఎడిట్ తయారుచేశాను. అది చాలా తెలివైన పని అనుకున్నాను. ఊళ్లో గోడకు తెల్లటి దుప్పటి కట్టి చూపించినప్పుడు, మొదటి ఎర్ర గీత రాగానే జనం నవ్వారు, రెండోదానికి ఎవరు ఎంత తప్పారో లెక్కించడం మొదలుపెట్టారు, అయిదోదానికి గీసినవాళ్లు ఒక్కరొక్కరుగా తల దించుకున్నారు. బడిలో సారు జవాబు పత్రాలు దిద్ది పంచుతున్నట్టు తయారైంది. నౌకకు గుట్ట ఎత్తు తెలుసు గానీ మూడో దోనెలో మే నెలలో నీళ్లుంటాయని తెలియదు, అయినా తెర మీద తీర్పు చెప్పే అధికారం దానికే పోయింది. ఆ రాత్రే ఎర్ర గీతలన్నీ తీసేశాను. దాచిపెట్టడం కూడా సరికాదు కనుక, ఆ రూపాన్ని కాగితం మీద అచ్చు వేయించి కావాలన్నవాళ్లకు ఇచ్చాను. ఇద్దరు తీసుకున్నారు, అందులో ఒకరు రాళ్లు కొట్టే మనిషి.

ధ్వని విషయంలో మాత్రం కొలతను నమ్మాను. చేల మీదికెళ్లి పేరు పెట్టి పిలిస్తే గుట్ట మారుపలికేదని దాదాపు అందరూ చెప్పారు. కాపరి నిలబడి పిలిచే చోటు గుట్ట నుంచి అర కిలోమీటరు. సెకనుకు సుమారు 340 మీటర్లు పోయే ధ్వని అక్కడికి వెళ్లి తిరిగి రావడానికి మూడు సెకన్లు పడుతుంది. స్టూడియోలో మారుపలుకు తయారుచేయడం క్షణాల పని, ధ్వని చూసే మిత్రుడు చేసి వినిపించాడు కూడా. వినగానే అది పౌరాణిక నాటకంలో ఆకాశవాణిలాగా ఉన్నది. దాన్ని వదిలేసి, కాపరి పిలుపు తర్వాత మూడు సెకన్లు ఏమీ రాకుండా ఉంచి, సరిగ్గా ఆ మూడో సెకను చివర దృశ్యాన్ని కోశాను. తెలియనివాళ్లకు అది మామూలు విరామం. ఊళ్లో చూపించినప్పుడు ఆ చోట ఒక ముసలాయన, పక్కనున్నవాళ్లు ఉలిక్కిపడేలా, తానే మారుపలికాడు.

మిగిలిన చిక్కులు క్లుప్తంగా చెబుతాను. గుంత లోపల చిత్రీకరణకు అనుమతి కోరుతూ రాసిన ఉత్తరాలకు జవాబు రాలేదు, అందువల్ల గుంత చిత్రంలో దూరం నుంచే కనిపిస్తుంది. ఇది నష్టమని ఇప్పుడు అనుకోవడం లేదు. ఒక ప్రదర్శన ఎంపిక సంఘం వాళ్లు ఎన్ని బ్లాకులు ఏ దేశానికి పోయాయో చెప్పే వ్యాఖ్యానం కలపమన్నారు. ఘనపు మీటరు గ్రానైట్ సుమారు 2.7 టన్నులు తూగుతుందని, ఈ ప్రాంతపు గోధుమవర్ణపు రాయి కాకినాడ వంటి రేవుల మీదుగా చైనాకు పోతుందని నాకూ తెలుసు. ఆ విషయాల మీద మంచి వార్తాచిత్రం రావాలి, కానీ అది వేరే చిత్రం. గీసినవాళ్లందరికీ ఆ రోజు కూలి ఇచ్చాం. చూసి సంతకం పెట్టిన తర్వాతే వాళ్ల దృశ్యం వాడుకున్నాం.

పదకొండు అద్దాల్లో రెండు ఊళ్లోనే పగిలాయి, ఒకటి ఆ అవ్వ తన దగ్గరే పెట్టుకున్నది. మిగిలిన ఎనిమిదింటినీ గోనె సంచుల్లో చుట్టి ఇంట్లో మంచం కింద దాచాను. ఏడాది తిరగకుండానే సున్నం పెచ్చులుగా రాలిపోతున్నది. దోనెల చుక్కల్లో ఒకటి ఇప్పటికే లేదు. ఉన్నవాటిని స్కేలు పక్కన పెట్టి ఫోటోలు తీశాను. సున్నంలో కొంచెం తుమ్మబంక కలిపితే రాలదని గోడలకు రంగులు వేసే మేస్త్రీ చెప్పాడు. కలిపి చూశాను, నిజంగానే గట్టిగా పట్టింది. అయితే అది ఆరడానికి రెట్టింపు సమయం పడుతున్నది, కనుక వచ్చే చలికాలం రెండో ఊరికి పోయేలోగా దృశ్యాల నిడివి లెక్కలన్నీ మళ్లీ వేసుకోవాలి.